థియేటర్ టాక్: టికెట్ దొరకని నాటకానికి అరగంట దారి

న్యూయార్క్‌లోని పెద్ద నాటకరంగమైన బ్రాడ్‌వే మీద ఆసక్తి ఉండి, అక్కడికి వెళ్లే వీలు లేనివాళ్లు ముందుగా వెతకాల్సిన టీవీ కార్యక్రమం 'థియేటర్ టాక్'. సుసాన్ హాస్కిన్స్, మైకేల్ రీడెల్ కలిసి నడిపిన వారపు ఇంటర్వ్యూ ఇది. 1990లలో మొదలై 2018 వరకు సాగింది. న్యూయార్క్ పబ్లిక్ టెలివిజన్ 'థర్టీన్'లోనూ, సిటీ యూనివర్సిటీ వారి క్యూనీ టీవీలోనూ వచ్చేది. కొత్త ఎపిసోడ్లు ఇక రావు. పాతవి యూట్యూబ్‌లో ఉచితంగా ఉన్నాయి, నెలల తరబడి చూసినా తరగనన్ని ఉన్నాయి. నాటకాలు రాసేవాళ్లు, ఆడేవాళ్లు, ఆడించేవాళ్లు వీటిని తప్పక చూడాలి. సరదాగా బ్రాడ్‌వే పాటలు వినాలనుకునేవాళ్లకు మాత్రం ఇది సరిపడదు.

నాటకాన్ని టీవీ ప్రేక్షకుడి దగ్గరికి చేర్చడానికి ఇంటర్వ్యూ అనే దారే ఎందుకు ఎంచుకోవలసి వచ్చిందో తెలిస్తే కార్యక్రమం విలువ అర్థమవుతుంది. బ్రాడ్‌వే నాటకాలను వీడియో తీసి దాచే పని 1970 నుంచీ జరుగుతోంది. లింకన్ సెంటర్‌లోని న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీ శాఖలో, బెటీ కార్విన్ మొదలుపెట్టిన 'థియేటర్ ఆన్ ఫిల్మ్ అండ్ టేప్' భాండాగారం ఆ పని చేస్తోంది. కానీ ఆ వీడియోలు ఇంటికి రావు, నెట్‌లోకి రావు. ముందుగా సమయం తీసుకుని, అక్కడికే వెళ్లి, అక్కడి తెర మీదే చూడాలి. నటులు, దర్శకులు, సంగీతకారులు, సాంకేతిక నిపుణులు, రచయితలు, ఇలా ఒక్కో యూనియన్‌తో కుదుర్చుకున్న ఒప్పందాల మీద ఆ భాండాగారం నిలబడింది. 'బయటికి ఇవ్వం' అన్న షరతు లేకపోతే అసలు రికార్డింగే ఉండేది కాదు. టీవీ వార్తల కోసం నాటకంలోంచి తీసుకోనిచ్చేది కొద్ది నిమిషాల ముక్కలే. 'హామిల్టన్' అనే సంగీత నాటకాన్ని 2016 జూన్‌లో చిత్రీకరిస్తే అది ఇళ్లలోకి వచ్చింది 2020 జులైలో. అంత డబ్బు, అంత పేరు ఉన్న నాటకానికే నాలుగేళ్లు పట్టింది. మిగతావాటిలో చాలావాటికి ఆ అవకాశమే రాదు. టికెట్టు కొందామంటే బ్రాడ్‌వేలో సగటు ధర వంద డాలర్లు దాటి ఏళ్లయింది. నాటకాన్ని చూపించలేనప్పుడు దాన్ని తయారుచేసిన మనిషిని కూర్చోబెట్టి 'ఎలా చేశావు' అని అడగడమే మిగిలిన మార్గం. హాస్కిన్స్ ఏళ్ల తరబడి ఆ పనే చేశారు.

ఎపిసోడ్ నిడివి సుమారు 27 నిమిషాలు. సెట్టు హంగులు, ప్రేక్షకుల చప్పట్లు, బ్యాండు ఏవీ లేవు. ఇద్దరు అడిగేవాళ్లు, ఒకరో ఇద్దరో ముగ్గురో అతిథులు. నాటకం క్లిప్పు ఉంటే చిన్న ముక్క వస్తుంది, లేకపోతే మాటలతోనే నడుస్తుంది. కార్యక్రమానికి ప్రాణం ఆ ఇద్దరి పొత్తు. రీడెల్ అప్పట్లో న్యూయార్క్ పోస్ట్ పత్రికలో నాటకరంగం కాలమిస్టు. ఎవరు ఎంత పెట్టారు, ఏ నాటకం వారానికి ఎంత పోగొట్టుకుంటోంది, దర్శకుడికీ నిర్మాతకూ ఎక్కడ చెడింది అన్నవి ఆయన సరుకు. హాస్కిన్స్ ఈ కార్యక్రమానికి నిర్మాత కూడా కాబట్టి అతిథి మనసు ఎరిగి అడుగుతారు. పాత్ర ఎలా పట్టుబడింది, రిహార్సల్‌లో ఏం మారింది, ఎవరి దగ్గర నేర్చుకున్నారు అన్నవైపు తీసుకెళ్తారు. ఒకరు గిల్లితే ఇంకొకరు సర్దుతారు. అతిథి ముందే సిద్ధం చేసుకున్న ప్రచారపు మాటలు మొదటి ఐదు నిమిషాల్లో అయిపోతాయి, అసలు కబుర్లు ఆ తర్వాత వస్తాయి. అందుకే మొదటి ఐదు నిమిషాలు చూసి ఎపిసోడ్‌ను అంచనా వేయకూడదు.

ఏ రకం ఎపిసోడ్లు బాగుంటాయంటే, మొదటి స్థానం నిస్సందేహంగా రచయిత, దర్శకుడు కలిసి వచ్చినవాటిది. ఒకే సన్నివేశం గురించి ఇద్దరూ రెండు రకాలుగా చెబుతారు. ఎందుకు కత్తిరించారు, ఎవరు ఒప్పుకోలేదు, చివరికి ఏది నిలిచింది అన్నది వాళ్ల మాటల్లోనే బయటపడుతుంది. నాటకం రాసేవాడికి ఇంతకంటే మంచి పాఠం తక్కువ. తర్వాతివి నిర్మాతలతో చేసినవి. మన దగ్గర నాటక నిర్మాత అంటే సొంత డబ్బు పెట్టుకుని సమాజాన్ని నడిపే మనిషే తప్ప ఇంకో నమూనా కనిపించదు. పెట్టుబడిదారుల దగ్గర వాటాలుగా డబ్బు సమీకరించడం, అసలు పెట్టుబడి వేరు, వారం వారం నడిపే ఖర్చు వేరు అని లెక్క కట్టడం, వారానికి 8 ప్రదర్శనల్లో ఆ ఖర్చు రాకపోతే మంచి సమీక్షలు వచ్చినా మూసేయడం, ఇదంతా ఇక్కడ వివరంగా వినొచ్చు.

నటులు ఒక్కరే వచ్చిన ఎపిసోడ్లు సగం సగమే. పాత తరం నటులు కూర్చుంటే బంగారం, వాళ్లకు దాచుకోవాల్సింది ఏమీ ఉండదు. నడుస్తున్న నాటకంలోని యువతారలు కూర్చుంటే జాగ్రత్తగా మాట్లాడతారు, వాళ్లకు ఆ రాత్రి మళ్లీ అదే దర్శకుడి దగ్గర ఆట ఉంటుంది మరి.

బలహీనమైనవి నలుగురైదుగురు అతిథులను ఒక్కచోట కూర్చోబెట్టినవి. లెక్క చూడండి: 27 నిమిషాల్లో పరిచయానికీ క్లిప్పులకూ నాలుగు నిమిషాలు పోతే 23 మిగులుతాయి. అందులో అడిగేవాళ్ల మాటలకు మూడో వంతు పోతే ఒక్కొక్కరికి మూడు నాలుగు నిమిషాలు. ఆ మూడు నిమిషాల్లో ఎవరూ లోతుకు పోలేరు. దీనికి మినహాయింపు, బ్రాడ్‌వే నాటకాలకు ఏటా ఇచ్చే టోనీ అవార్డుల ముందు జరిగిన విమర్శకుల చర్చ. అందరూ అవే నాటకాలు చూసి వచ్చినవాళ్లు, వాదించుకోవడానికే వచ్చినవాళ్లు గనుక అది కిక్కిరిసినా రుచిగానే ఉంటుంది. అయితే ఆ ఏడాది నాటకాల పేర్లు తెలియకుండా చూస్తే ఒక్క ముక్క అర్థం కాదు.

రీడెల్ పద్ధతి అందరికీ నచ్చదు. అతిథి ఒక ఆలోచనను నెమ్మదిగా విప్పుతుంటే మధ్యలో దూరి చాడీ కబురు అడగడం ఉంది, మంచి జవాబు అలా తెగిపోయిన సందర్భాలూ ఉన్నాయి. కానీ ఆయన లేని ఇంటర్వ్యూలు ఇదే కాలంలో వేరేచోట్ల వచ్చినవి చూస్తే తేడా తెలుస్తుంది. పొగడ్తతో మొదలై పొగడ్తతో ముగుస్తాయి. నాటకం ఎందుకు ఆడలేదు అని ముఖం మీద అడగగలిగిన మనిషి ఉండటం ఈ కార్యక్రమానికి పెద్ద బలం.

చూసేముందు చిన్న తయారీ అవసరం. లేకపోతే సగం పేర్లు చెవిన పడి పోతాయి. ముందు ఆ నాటకం కథాసంగ్రహం ఒక పేజీ చదవండి. తర్వాత ఇంటర్వ్యూ తేదీ, నాటకం అధికారికంగా ప్రారంభమైన తేదీ పక్కపక్కన పెట్టి చూడండి. బ్రాడ్‌వేలో ప్రారంభానికి ముందు మూడు నాలుగు వారాల పాటు ప్రివ్యూలు నడుస్తాయి. టికెట్లు అమ్ముతారు, జనం వస్తారు, కానీ పగలు రిహార్సల్లో సన్నివేశాలు మారుస్తూనే ఉంటారు. విమర్శకులు వచ్చే కొద్ది రోజుల ముందు మాత్రమే ప్రతిని ఖాయం చేస్తారు. ప్రివ్యూల సమయంలో రికార్డు చేసిన ఇంటర్వ్యూలో ఎవరూ కష్టాల గురించి నోరు విప్పరు. ప్రారంభమైన తర్వాత, అందులోనూ నాటకం మూతపడ్డాక తీసినదానిలో నిజం ఎక్కువ.

ప్రివ్యూలు ఎంత పెద్ద విషయమో తెలియాలంటే 'స్పైడర్‌మ్యాన్: టర్న్ ఆఫ్ ద డార్క్' ఉదంతం చాలు. 2010 నవంబరు 28న ప్రివ్యూలు మొదలయ్యాయి, ప్రారంభం 2011 జూన్ 14న. మధ్యలో 182 ప్రివ్యూలు. తీగల మీద ఎగిరే సన్నివేశాలు ఆగిపోవడం, నటులు గాయపడటం, ప్రారంభం పదేపదే వాయిదా పడటం, చివరికి మార్చిలో దర్శకురాలు జూలీ టేమర్‌ను తప్పించి నాటకాన్ని కొన్ని వారాలు ఆపి తిరగరాయడం జరిగాయి. ఖర్చు 7.5 కోట్ల డాలర్లు అని లెక్క తేలింది. రీడెల్ ఈ వ్యవహారాన్ని తన కాలమ్‌లో వెంటపడి రాశారు. ఆ సీజన్ ఎపిసోడ్లు చూసేటప్పుడు ఈ నేపథ్యం బుర్రలో ఉంటే, వేరే నాటకం వాళ్లు మాట్లాడుతున్నప్పుడు కూడా వాళ్ల భయాలు ఎక్కణ్ణుంచి వస్తున్నాయో పట్టుబడుతుంది.

ఇంకొన్ని మాటలు ముందే తెలిసి ఉండాలి. 'బ్రాడ్‌వే' అంటే ఆ వీధిలో ఉన్న హాలు అని కాదు. మన్‌హాటన్‌లో 500 సీట్లు లేదా అంతకు పైబడి ఉండి, యూనియన్లతో కుదిరిన బ్రాడ్‌వే ఒప్పందాల కింద నడిచే 41 హాళ్లు మాత్రమే బ్రాడ్‌వే. 100 నుంచి 499 సీట్ల వరకు ఆఫ్ బ్రాడ్‌వే. సంగీత నాటకంలో 'బుక్' అన్నారంటే పాటలు కాక మిగిలిన సంభాషణల ప్రతి. 'రీకూప్' అంటే పెట్టుబడి పూర్తిగా వెనక్కి రావడం. 'స్వింగ్' అంటే బృందంలోని ఎన్నో పాత్రలు నేర్చుకుని, ఎవరు రాకపోతే వాళ్ల స్థానంలో దిగే నటి లేదా నటుడు. ఈ మాటలు తెలిస్తే మూడొంతులు అర్థమైనట్టే. యూట్యూబ్ దానంతటదే వేసే ఇంగ్లీషు సబ్‌టైటిళ్లను నమ్ముకోవద్దు. మాటలు ఫర్వాలేదు గానీ మనుషుల పేర్లు, హాళ్ల పేర్లు దారుణంగా తప్పు పడతాయి. ఇద్దరు ఒకేసారి మాట్లాడినప్పుడు వాక్యాలు కలిసిపోతాయి. పేరు అర్థం కానప్పుడు ఆ నాటకం ప్రదర్శన వివరాల జాబితా పక్కన తెరిచి పెట్టుకోవడమే మార్గం. పాత ఎపిసోడ్లు చతురస్రపు ఫ్రేములో, మసకగా ఉంటాయి. ఫోనులో చూస్తే ఇబ్బంది లేదు, పెద్ద టీవీ మీద కళ్లు నొప్పెడతాయి. ఎలాగూ మాటలే ముఖ్యం గనక ఇయర్‌ఫోన్లు పెట్టుకుని వినడానికి ఇవి చక్కగా పనికొస్తాయి.

వెతకడంలో ఒక చిక్కుంది. అమెరికా స్పెల్లింగు, బ్రిటిష్ స్పెల్లింగు రెండూ వాడుకలో ఉన్నాయి. కార్యక్రమం పేరులోని 'థియేటర్' అమెరికా పద్ధతిలో ఈ.ఆర్.తో ముగుస్తుంది. నాటకం పేరు, కార్యక్రమం పేరు, రచయిత ఇంటిపేరు మూడూ కలిపి కొడితే తిన్నగా తగులుతుంది. ఒక్క నాటకం పేరే కొడితే ప్రచార ముక్కలు వందల్లో వచ్చి పడతాయి.

పోల్చి చూడదగ్గవి రెండున్నాయి. ఒకటి అమెరికన్ థియేటర్ వింగ్ వారి 'వర్కింగ్ ఇన్ ద థియేటర్' సదస్సులు. టోనీ అవార్డులను 1947లో మొదలుపెట్టిన సంస్థ ఇదే. ఆ సంస్థను దశాబ్దాలు నడిపిన ఇసబెల్ స్టీవెన్సన్ హయాంలో ఈ సదస్సులు సాగాయి. పొడవాటి బల్ల వెనక ఆరేడుగురు, గంటన్నర చర్చ. నటన, రచన-దర్శకత్వం, రూపకల్పన, నిర్మాణం అని విషయాలవారీగా విడదీశారు. నిదానంగా, మర్యాదగా సాగుతాయి, కొందరికి నిద్ర కూడా రావచ్చు. కానీ లైటింగు, సెట్టు, ఆహార్యం చేసేవాళ్లు తమ పని గురించి ఇంత సావకాశంగా మాట్లాడిన చోటు టీవీలో ఇంకోటి లేదు. రూపకల్పన సదస్సులతో మొదలుపెట్టడం మంచిది. తర్వాతి కాలంలో ఇదే పేరుతో చిన్న డాక్యుమెంటరీలు తీశారు. తెర వెనక పనిని చూపించడంలో అవి పాత సదస్సులకంటే ఎంతో మేలు, ఎందుకంటే స్టేజి మేనేజరు చేసే పని చెబితే అర్థం కాదు, చూస్తే అర్థమవుతుంది.

రెండోది జేమ్స్ లిప్టన్ నడిపిన ఇంటర్వ్యూ కార్యక్రమం 'ఇన్‌సైడ్ ద యాక్టర్స్ స్టూడియో'. 1994లో బ్రావో చానెల్లో మొదలైంది, మొదటి అతిథి పాల్ న్యూమన్. విద్యార్థుల ఎదుట గంటల తరబడి మాట్లాడించి, దాన్ని గంటకు కుదించి ప్రసారం చేసేవారు. నీలం కార్డుల దొంతర మీద ప్రశ్నలన్నీ వరసగా రాసుకుని ఉండేవి. చివర్లో ఫ్రెంచి టీవీ వ్యాఖ్యాత బెర్నార్ పివో పద్ధతిలో పది ప్రశ్నలు. తయారీలో దీన్ని మించింది లేదు. అయితే అతిథులు ఎక్కువగా సినిమా తారలు, రంగస్థలం వాళ్ల తొలినాళ్ల జ్ఞాపకంగానే వచ్చి పోతుంది. నాటకం కోసం వెతికేవాళ్లకు 'థియేటర్ టాక్' తర్వాతే ఇది.

మన నాటకాల వాళ్లకు ఈ కార్యక్రమం ఇంకో విధంగా పనికొస్తుంది. పరిషత్తు నాటకాలు, పద్యనాటకాలు, సురభి ప్రదర్శనలు చేసేవాళ్లతో తెలుగులో ఇంటర్వ్యూలు బాగానే వస్తున్నాయి. ప్రశ్నలు మాత్రం పుట్టిన ఊరు, మొదటి వేషం, పొందిన సన్మానాల దగ్గరే తిరుగుతాయి. సురభి వాళ్లను కూర్చోబెట్టిన ప్రతివాళ్లూ మాయాబజారులో మాయలు ఎలా చేస్తారని అడిగి, 'అది మా రహస్యం' అనే జవాబుతో నవ్వి వదిలేస్తారు. 1885లో కీచకవధతో మొదలై తరాలు దాటి వచ్చిన పనితనం అలా వదిలేయదగ్గది కాదు. హాస్కిన్స్ అడిగే తీరు పట్టుకుంటే ప్రశ్న ఇలా ఉంటుంది: నారదుడు మబ్బుల్లోంచి దిగేటప్పుడు తాడు ఎంతమంది పట్టుకుంటారు, పద్యం ఏ చరణం దగ్గర వదలాలని వాళ్లకు సైగ ఎవరిస్తారు, హార్మోనియం ఆగితే ఏం చేస్తారు? ఇలా పనిముట్టు పేరుతో అడిగితే రహస్యమన్న కళాకారుడే గంటసేపు చెబుతాడు.

రికార్డింగులో జాగ్రత్తలూ ఇక్కడినుంచే నేర్చుకోవచ్చు. అతిథులు ముగ్గురికి మించొద్దు. ఒక్కొక్కరికీ విడి కాలర్ మైకు ఉండాలి, బల్ల మీద ఒకే మైకు పెడితే దగ్గరున్న మనిషి గొంతు మోగుతుంది, చివరన ఉన్న మనిషి మాట పోతుంది. పద్యనటుల్ని ప్రదర్శన అయిన వెంటనే కూర్చోబెట్టకండి. మూడు గంటలు పై స్థాయిలో పాడిన గొంతు బొంగురుపోయి ఉంటుంది, మర్నాడు ఉదయం మేలు. నాటకం ముక్క చూపించాలంటే హాల్లో ఫోనుతో తీసింది వాడొద్దు. ఫ్యాన్ల హోరు, దగ్గులు పద్యాన్ని మింగేస్తాయి. సౌండు మిక్సరు నుంచి లైను తీసుకుని శబ్దాన్ని వేరుగా రికార్డు చేసి, తర్వాత వీడియోతో కలపాలి.

హక్కుల సంగతీ చూసుకోవాలి. మన చట్టంలో రచన మీద కాపీరైటు రచయిత పోయిన తర్వాత 60 ఏళ్లు. జంటకవుల విషయంలో ఇద్దరిలో ఆఖరున పోయినవారి నుంచి లెక్క. తిరుపతి వేంకట కవుల్లో చెళ్లపిళ్ల వారు 1950లో పోయారు కాబట్టి వారు కలిసి రాసిన పాండవోద్యోగ విజయాల పద్యాలను ఎవరైనా వాడుకోవచ్చు. అయితే వాటిని పాడిన నటుడికి తన ప్రదర్శన మీద 50 ఏళ్ల హక్కు వేరే ఉంది. ఆయన సంతకం లేకుండా ఆ క్లిప్పును యూట్యూబ్‌లో పెట్టకూడదు.

కొత్తగా మొదలుపెట్టేవాళ్లు ఇప్పటికే చదివిన లేదా చూసిన ఒక నాటకాన్ని ఎంచుకుని, దాని రచయితో దర్శకుడో వచ్చిన ఎపిసోడ్‌తో ప్రారంభించండి. తర్వాత ఏదైనా ఒకే సీజన్ పట్టుకుని ఏప్రిల్ నుంచి జూన్ మొదటి వారం దాకా వచ్చినవి వరసగా చూడండి. టోనీ అర్హతకు గడువు ఏప్రిల్ చివర్లో ఉంటుంది కాబట్టి చాలా నాటకాలు ఆ వసంతంలోనే గుంపుగా ప్రారంభమవుతాయి, స్టూడియోకు వచ్చిన మనుషులు కూడా అప్పుడే ఎక్కువ. విమర్శకుల చర్చను ఆ వరసలో ఆఖరున ఉంచుకోండి, అప్పటికి పేర్లన్నీ పరిచయమై ఉంటాయి.